అంతరాత్మకు పదవీ విరమణ లేదు: సర్ థామస్ మోర్ జీవితం

ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ మన సంతకానికి ఒక విలువ ఉంటుంది. ఆ చిన్న గీత పడితే ఒకరి బదిలీ ఆగుతుంది, మరొకరి బిల్లు పాసవుతుంది, ఇంకొకరి బకాయి చేతికందుతుంది. విరమణ తరువాత అదే సంతకం పింఛను కాగితాలకూ, ఏడాదికొకసారి ఇచ్చే లైఫ్ సర్టిఫికెట్‌కూ పరిమితమవుతుంది. మాజీ ఉద్యోగి ఔనన్నా కాదన్నా ఎవరికీ పెద్దగా పట్టదు. కాని పెద్ద పదవి వదిలేసి ఇంటిపట్టున పుస్తకాలు చదువుకుంటున్న ఒక పెద్దమనిషి నోటి నుంచి ఒక్క ‘ఔను’ రాబట్టాలని ఒక రాజు పట్టుబట్టిన ఉదంతం ఇంగ్లండు చరిత్రలో ఉంది. ఆ మాట ఆయన అనలేదు. అందుకు ప్రాణమే మూల్యంగా చెల్లించారు. ఆయనే సర్ థామస్ మోర్.

మోర్ గొప్ప పండితుడు, న్యాయవాది, న్యాయాధిపతి, మంత్రి, రచయిత. వీటన్నిటితో పాటు నిష్ఠగల కేథలిక్కు, నలుగురు బిడ్డల తండ్రి. దేవుడిమీద భక్తిని గుడికీ పండుగకూ పరిమితం చేయకుండా రాతబల్ల దగ్గరికీ, న్యాయస్థానానికీ, భోజనాల గదికీ తీసుకువెళ్ళినవారు. అందుకే ఆయన మరణం ఎంత ప్రసిద్ధమో, ఆయన దైనందిన జీవితం కూడా అంతే తెలుసుకోదగ్గది.

బాల్యం, విద్య

థామస్ మోర్ 1478లో లండన్ నగరంలోని మిల్క్ స్ట్రీట్‌లో జన్మించారు. తండ్రి జాన్ మోర్ న్యాయవాది, తరువాత న్యాయమూర్తి అయ్యారు. సుమారు పన్నెండేళ్ళ వయసులో థామస్‌ను కాంటర్‌బరీ ఆర్చిబిషప్పు, దేశానికి లార్డ్ ఛాన్సలర్ కూడా అయిన జాన్ మోర్టన్ ఇంట్లో పనికి చేర్చారు. పెద్దల ఇంట వడ్డన చేస్తూ మర్యాదలు నేర్చుకోవడం ఆ కాలపు పద్ధతి. ఈ పిల్లవాడు ముందుముందు అసాధారణమైన వ్యక్తి అవుతాడని ఆ వృద్ధుడు భోజనానికి వచ్చిన అతిథులతో చెప్పేవాడట.

తరువాత ఆక్స్‌ఫర్డ్ చదువు. తండ్రి ఖర్చు విషయంలో బహు గట్టి మనిషి. చెప్పులు బాగుచేయించుకోవడానికి కూడా కొడుకు ఇంటికి రాసి డబ్బు తెప్పించుకోవలసి వచ్చేది. చేతిలో పైసా మిగలకపోవడం వల్లనే దురలవాట్లు దరిచేరలేదని మోర్ పెద్దయ్యాక తండ్రికి కృతజ్ఞత చెప్పుకునేవారు. సాహిత్యం మీద మోజుతో కొడుకు దారితప్పుతాడేమోనని తండ్రి త్వరలోనే ఆయనను లండన్ రప్పించి న్యాయశాస్త్రంలో ప్రవేశపెట్టారు. 1496లో లింకన్స్ ఇన్‌లో చేరి మోర్ న్యాయవాది అయ్యారు.

మఠమా, సంసారమా

న్యాయవిద్య సాగుతున్న రోజుల్లోనే ఆయనకు సన్యాసం మీద మనసు పోయింది. లండన్‌లోని చార్టర్‌హౌస్ మఠంలో కార్తూసియన్ సన్యాసులు ఉండేవారు. మౌనం, ఉపవాసం, రాత్రి ప్రార్థన వారి జీవితం. మోర్ సుమారు నాలుగేళ్ళు వారి సాన్నిహిత్యంలో ఉంటూ, వారి ప్రార్థనలు తనవిగా చేసుకుంటూ, పగలు కోర్టు పనులు చూసుకున్నారు. చివరకు తనది గృహస్థ ధర్మమేనని నిశ్చయించుకున్నారు. అయితే ఆ మఠం నేర్పినదాన్ని మాత్రం వదలలేదు. పైకి పట్టు దుస్తులు వేసుకున్నా లోపల గరుకు వెంట్రుకలతో నేసిన చొక్కా తొడుక్కునేవారు. కనీసం మంత్రి అయిన తరువాతనైనా మానలేదు. ఆ సంగతి ఎవరికీ తెలియనివ్వలేదు. ఆ చొక్కా ఉతికే పెద్ద కూతురికి మాత్రమే తెలుసు.

జేన్ కోల్ట్‌తో వివాహమైంది. మొదట ఆమె చెల్లెలి మీద మనసుపడినా, అక్క ఉండగా చెల్లెలికి ముందు పెళ్ళయితే పెద్దపిల్ల చిన్నబుచ్చుకుంటుందని ఆలోచించి అక్కనే చేసుకున్నారని అల్లుడు విలియం రోపర్ రాశాడు. మన ఇళ్ళలో ఈ సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. మార్గరెట్, ఎలిజబెత్, సిసిలీ అనే ముగ్గురు ఆడపిల్లలు, జాన్ అనే మగపిల్లవాడు కలిగారు. 1511లో జేన్ మరణించింది. చిన్నపిల్లల ఆలనాపాలనా కోసం మోర్ నెల తిరగకుండానే ఆలిస్ అనే వితంతువును చేసుకున్నారు. ఆమె వయసులో ఆయనకంటే పెద్ద, మాట కటువు, ఇల్లు దిద్దుకోవడంలో దిట్ట. నడివయసు దాటిన ఆ ఇల్లాలి చేత ఆయన హాస్యాలాడుతూనే సంగీత వాద్యాలు సాధన చేయించారు.

పుస్తకాలు, స్నేహాలు

1499లో డచ్చి దేశపు పండితుడు ఎరాస్మస్ ఇంగ్లండు వచ్చినప్పుడు మోర్‌తో కుదిరిన స్నేహం జీవితాంతం నిలిచింది. ఎరాస్మస్ తన ప్రసిద్ధ వ్యంగ్యరచన ‘మూర్ఖత్వ ప్రశంస’ను 1509లో మోర్ ఇంట్లో ఉండగానే రాశాడు. దాని లాటిన్ పేరులోనే మోర్ పేరుమీద ఒక చమత్కారం ఉంది. గ్రీకు, లాటిన్ భాషలు బాగా నేర్చి, బైబిలునూ తొలినాటి క్రైస్తవాచార్యుల గ్రంథాలనూ మూలంలో చదవడం, తమ మతంలోని లోపాలను లోపలినుంచే సరిదిద్దుకోవడం ఈ మిత్రుల ఆశయం. చదువుకీ భక్తికీ వైరం ఉందని వారు ఏనాడూ అనుకోలేదు.

1516లో లూవెన్ నగరంలో మోర్ రాసిన ‘యుటోపియా’ అచ్చయింది. లాటిన్‌లో రాసిన ఈ చిన్న పుస్తకంలో ఒక ఊహా ద్వీపం వర్ణన ఉంది. అక్కడ సొంత ఆస్తి లేదు. అందరూ రోజుకు ఆరు గంటలే పనిచేస్తారు. నగరాల వెలుపల మంచి ఆసుపత్రులు ఉంటాయి. మన పాఠకులకు ఆసక్తి కలిగించే విషయం మరొకటి ఉంది. సామూహిక భోజనశాలల్లో మేలైన పదార్థాలను ముందుగా వృద్ధులకు వడ్డిస్తారు. వారు తమ చుట్టూ కూర్చున్నవారికి తమ ఇష్టప్రకారం పంచుతారు. పిల్లలను మాట్లాడనిచ్చి, వారి తెలివిని భోజనాల దగ్గరే పెద్దలు గమనిస్తారు. ఊహాలోకం సంగతి చెబుతూనే మోర్ తన దేశాన్ని నిలదీశారు. ఉన్ని వ్యాపారం కోసం పొలాలను గొర్రెల బీళ్ళుగా మార్చి రైతులను వెళ్ళగొట్టడం, ఆ నిరుపేదలు ఆకలికి దొంగతనం చేస్తే ఉరితీయడం ఎక్కడి న్యాయమని అడిగారు. ‘యుటోపియా’ అనే మాట ఆయన సృష్టించినదే. నేడు ఎన్నో ప్రపంచ భాషల్లో అది వాడుకలో ఉంది.

ఇల్లే బడి

సుమారు 1524 నుంచి మోర్ కుటుంబం లండన్‌కు కొద్ది దూరంలో, థేమ్స్ నది ఒడ్డున చెల్సీ గ్రామంలో ఉండేది. కొడుకూ కూతుళ్ళూ, అల్లుళ్ళూ, మనవలూ, పెంచుకున్న పిల్లలూ, పనివారూ కలిసి పెద్ద ఉమ్మడి కుటుంబం. ఆ ఇంట్లో పేకాట, పాచికలు లేవు. భోజనాల వేళ ఒకరు పవిత్ర గ్రంథం చదివేవారు, దానిమీద కాసేపు చర్చ, ఆ తరువాత నవ్వులు. రాత్రి పడుకునే ముందు యజమాని, పనివారు అనే భేదం లేకుండా అందరూ కలిసి ప్రార్థన చేసేవారు. ఆయన మాత్రం తెల్లవారకముందే లేచి చదువుకూ ధ్యానానికీ కూర్చునేవారు. ఇంటికి కొంచెం ఎడంగా ఒక ప్రార్థనాలయమూ గ్రంథాలయమూ కట్టించుకుని, వీలైన శుక్రవారాలు అక్కడే గడిపేవారు.

ఆడపిల్లలకు చదువెందుకని ఐరోపా అంతా అనుకుంటున్న కాలమది. మోర్ తన కూతుళ్ళకూ కొడుకుకూ ఒకే గురువుల చేత లాటిన్, గ్రీకు, తర్కం, గణితం, ఖగోళశాస్త్రం చెప్పించారు. విద్యకు ఆడా మగా తేడా లేదనీ, ఆ పంట ఎవరి బుద్ధిక్షేత్రంలోనైనా పండుతుందనీ గురువుకు రాసిన ఉత్తరంలో వాదించారు. పిల్లలను కొట్టవలసి వస్తే నెమలి ఈక ఉపయోగించేవారట. పెద్దకూతురు మార్గరెట్ అంతటి పండితురాలైంది. ప్రభువు నేర్పిన ప్రార్థన మీద ఎరాస్మస్ రాసిన గ్రంథాన్ని ఆమె ఇంగ్లీషులోకి అనువదించగా 1524 ప్రాంతంలో అచ్చయింది. ఆమెకు చెమట జ్వరం వచ్చి వైద్యులు ఆశ వదులుకున్న రోజున మోర్ ప్రార్థనాలయంలో మోకాళ్ళ మీద కూర్చుని ఏడ్చారు. ప్రార్థన చేస్తుండగానే ఆయనకు ఒక చికిత్స తట్టింది. దాన్ని వైద్యులకు చెప్పగా వారు చేశారు, బిడ్డ బతికింది.

చెల్సీ గ్రామంలో ఆయన గొప్ప అధికారిలా కాక ఒక ఇరుగువాడిలా మెలిగారు. ఊరి చర్చిలో పాటల బృందంలో నిలబడి పాడేవారు. ఒకసారి నార్‌ఫోక్ ప్రభువు చూసి, లార్డ్ ఛాన్సలర్ అంతటివాడు పల్లెటూరి గుమాస్తాలా పాడడమేమిటి, రాజుకు అవమానమని మందలించాడు. రాజుకు యజమాని అయిన దేవుణ్ణి సేవిస్తే రాజు చిన్నబుచ్చుకోడని మోర్ నవ్వి ఊరుకున్నారు. సందుగొందుల్లో తిరిగి పేదల పరిస్థితి విచారించేవారు. తన బల్ల దగ్గరకు ధనికులకంటె పేద ఇరుగుపొరుగు వారినే ఎక్కువగా పిలిచేవారు. ఊళ్ళో ఒక ఇల్లు అద్దెకు తీసుకుని దిక్కులేని వృద్ధులకూ రోగులకూ ఆశ్రయం కల్పించి, దాని పర్యవేక్షణ తన ఇంటి ఆడపిల్లల్లో ఒకరికి అప్పగించారు.

1529లో ఆయన రాజుగారి వెంట దూరాన ఉండగా చెల్సీలో ధాన్యపు కొట్లు తగలబడ్డాయి. పక్కవారి ధాన్యమూ కాలిపోయింది. ఆ వార్త విని భార్యకు రాసిన ఉత్తరం నేటికీ ఉంది. దేవుడు ఇచ్చినది దేవుడే తీసుకున్నాడని కుటుంబమంతా చర్చికి వెళ్ళి ఆయనకు కృతజ్ఞత చెప్పమన్నారు. తన నష్టం సంగతి తరువాత, మన ఇంట్లో పుట్టిన నిప్పువల్ల పొరుగు పేదలకు ఎంత నష్టమైందో విచారించమన్నారు. తమకు చెంచా కూడా మిగలకపోయినా సరే వారి నష్టం తీర్చవలసిందేనని రాశారు. ఖర్చు తగ్గించుకోవలసివచ్చినా, మరోచోట పని చూపకుండా ఏ పనివాణ్ణీ హఠాత్తుగా పంపవద్దన్నారు.

న్యాయపీఠం మీద

మోర్ 1510 నుంచి 1518 వరకు లండన్ నగరానికి అండర్ షెరీఫ్‌గా న్యాయవిచారణ చేశారు. కక్షిదారులు కట్టవలసిన రుసుము వదులుకునేవారని ఎరాస్మస్ రాశాడు. తరువాత ఎనిమిదవ హెన్రీ రాజు కొలువులో చేరి ఒక్కొక్క మెట్టే ఎక్కారు. 1521లో సర్ బిరుదు, ఉప కోశాధికారి పదవి లభించాయి. 1523లో పార్లమెంటు దిగువసభకు స్పీకరుగా ఉండి, సభ్యులు భయం లేకుండా తమ అభిప్రాయం చెప్పుకునే స్వేచ్ఛ ఇవ్వాలని రాజును అడిగారు. 1529 అక్టోబరులో కార్డినల్ వూల్సీ పతనం కాగా, ఆ స్థానంలో లార్డ్ ఛాన్సలర్ అయ్యారు. చాలాకాలంగా మతాధికారులు నిర్వహిస్తున్న అత్యున్నత పదవి అలా ఒక గృహస్థుకు దక్కింది.

ఆ పదవిలో ఆయన తీరు పాత ఉద్యోగులమైన మనకు బాగా అర్థమవుతుంది. ఏళ్ళ తరబడి పేరుకున్న దావాలు ఒక్కొక్కటే తేల్చారు. ఒకనాడు విచారణకు తరువాతి కేసు పిలవమంటే ఇక ఒక్కటీ మిగలలేదని జవాబు వచ్చిందనీ, ఆ సంగతిని ఆయన రికార్డులో రాయించారనీ తొలి చరిత్రకారులు చెబుతారు. కోర్టులో తనకు అనుకూలంగా తీర్పు పొందిన ఒక ధనిక వితంతువు కొత్త సంవత్సరం కానుకగా చేతి తొడుగుల్లో నలభై పౌండ్ల బంగారు నాణాలు పెట్టి ఇచ్చింది. స్త్రీ ఇచ్చిన కానుక కాదనడం మర్యాద కాదని తొడుగులు ఉంచుకుని నాణాలు తిరిగి ఇచ్చారు. సొంత అల్లుడు ఒకడు మామగారి అండ చూసుకుని రాజీకి ఒప్పుకోకపోతే, ఆయన అతనికి వ్యతిరేకంగానే తీర్పు చెప్పారు. ఒకవైపు తండ్రీ మరొకవైపు సైతానూ నిలబడినా, న్యాయం సైతాను పక్షాన ఉంటే తీర్పు అటే ఇస్తానని అనేవారు.

ఆ తండ్రి అప్పటికి ఎనభైకి చేరువలో ఉండి కింగ్స్ బెంచ్ కోర్టులో ఇంకా న్యాయమూర్తిగానే ఉన్నారు. లార్డ్ ఛాన్సలర్ తన న్యాయస్థానానికి వెళ్ళే దారిలో రోజూ ఆ గదిలోకి వెళ్ళి, అందరూ చూస్తుండగా మోకాళ్ళ మీద వంగి తండ్రి ఆశీర్వాదం తీసుకుని తన పీఠం ఎక్కేవారు. తండ్రి 1530లో పోయేవరకు అది సాగింది.

చరిత్ర దాచని మచ్చ

ఇంతటి మనిషి జీవితంలో ఒక కఠినమైన అధ్యాయం కూడా ఉంది. మార్టిన్ లూథర్ ఉద్యమం ఐరోపాను కుదిపేస్తున్న కాలమది. కేథలిక్ మతాన్ని కాదన్నవారిని మతద్రోహుల కింద లెక్కకట్టి సజీవదహనం చేసే చట్టం ఇంగ్లండులో పాతకాలం నుంచీ ఉంది. మోర్ ఛాన్సలర్‌గా ఉన్న కాలంలో ఆరుగురిని ఆ విధంగా కాల్చారు. వారిలో కొందరిని పట్టుకోవడంలో, ప్రశ్నించడంలో ఆయన పాత్ర ఉంది. తాను చేసినదాన్ని ఆయన దాచుకోలేదు. తన సమాధి మీద చెక్కించడానికి స్వయంగా రాసుకున్న పంక్తుల్లో సైతం మతద్రోహుల పట్ల కఠినంగా ఉన్నానని చెప్పుకున్నారు. ‘యుటోపియా’లో ఎవరి మతం వారు పాటించుకోనిచ్చిన రచయితే ఇలా చేయడం నేటి పాఠకులను బాధిస్తుంది.

అల్లుడు రోపర్ యౌవనంలో లూథర్ బోధలకు ఆకర్షితుడైనప్పుడు మోర్ ఎంతో వాదించి, ఫలితం లేక చివరకు వాదం మాని అతని కోసం ప్రార్థన మాత్రమే చేస్తానన్నారు. అల్లుడు కొంతకాలానికి తిరిగివచ్చాడు. ఇంట్లో చూపిన ఆ ఓర్పు చట్టం చేతికి వచ్చినప్పుడు చూపలేకపోయారు. అంతరాత్మ విలువ ఎంతటిదో ఆయనకు పూర్తిగా తెలిసివచ్చే రోజులు ఇంకా ముందున్నాయి.

పదవి వదిలిన రోజు

హెన్రీ రాజు 1509లో ఆరగాన్ రాకుమారి కేథరిన్‌ను పెళ్ళాడాడు. మగసంతానం నిలవలేదు, మేరీ అనే కూతురు ఒక్కతే మిగిలింది. ఆ పెళ్ళి చెల్లదని ప్రకటించి ఆన్ బొలీన్‌ను పెళ్ళిచేసుకోనివ్వమని పోపును అడిగాడు. పోపు ఒప్పుకోలేదు. అయితే ఇంగ్లండు చర్చికి తానే అధిపతినని రాజు మొదలుపెట్టాడు. విచిత్రమేమంటే, 1521లో లూథర్‌ను ఖండిస్తూ పోపు అధికారాన్ని ఆకాశానికెత్తి పుస్తకం రాసింది ఈ రాజే. రేపు పోపుతో పేచీ వస్తే ఇబ్బంది అవుతుంది, ఆ మాటలు కొంచెం తగ్గించమని అప్పట్లో సలహా ఇచ్చింది మోర్! రాజు ఒకసారి చెల్సీ తోటలో మోర్ మెడమీద చెయ్యివేసి గంటసేపు తిరిగాడు. అల్లుడు మురిసిపోయి అభినందిస్తే, తన తలకు బదులుగా ఫ్రాన్సులో ఒక కోట దొరికేటట్లయితే ఈ తల నిలవదని మోర్ చెప్పారు. రాజుల ప్రేమ ఏపాటిదో ఆయనకు తెలుసు.

1532 మే 15న మతాధికారులు రాజుకు లొంగిపోయారు. మర్నాడు మే 16న మోర్ పదవీముద్రను రాజుకు అప్పగించి రాజీనామా చేశారు. కారణంగా గుండెల్లో జబ్బు చూపారు. అది అబద్ధమూ కాదు, మొత్తం నిజమూ కాదు.

ఆ సంగతి భార్యకు చెప్పిన తీరు ఆయనకే చెల్లింది. చర్చిలో పూజ ముగిశాక, ప్రభువులవారు బయలుదేరారని ఆయన నౌకరు వచ్చి ఆమె కూర్చున్న చోట చెప్పడం ఆనవాయితీ. ఆ ఆదివారం నౌకరు రాలేదు. మోరే టోపీ చేత పట్టుకుని వచ్చి, వంగి, అమ్మగారూ ప్రభువులవారు వెళ్ళిపోయారని చెప్పారు. ఆమె మొదట అదొక హాస్యమనుకుంది. సంగతి అర్థమయ్యాక ఆ ఇల్లాలి మనసు ఎలా ఉండి ఉంటుందో జీతం ఆగిపోయిన మొదటి నెల తెలిసినవారికి వేరే చెప్పాలా!

చేతిలో సొమ్ము లేదు. అంత పదవి చేసినా మిగిలినది ఏడాదికి నూరు పౌండ్లకు కొంచెం పైగా వచ్చే ఆదాయమేనని రోపర్ లెక్క. దీపముండగానే ఇల్లు చక్కబెట్టుకోవాలంటారు. ఆయన దీపముండగా ఇతరుల ఇళ్ళు చక్కబెట్టారు. మోర్ పిల్లలందరినీ పిలిచి కూర్చోబెట్టి, కలిసి ఉండాలంటే ఇకమీదట అందరూ తలాకొంచెం వేసుకోవాలన్నారు. విద్యార్థిగా ఉన్నప్పుడు పేద తిండి నుంచి మంచి తిండి దాకా ఎక్కాను, ఇప్పుడు అవే మెట్లు ఒక్కొక్కటే దిగుదాం, అది కూడా భరించలేకపోతే సంచులు భుజాన వేసుకుని ఇంటింటా మేరీమాత కీర్తన పాడుతూ అందరం కలిసే బిచ్చమెత్తుకుందామని నవ్వించారు. పనివారిలో ఒక్కొక్కరికీ మంచిచోట కొలువు చూపించారు. తన పడవనూ ఎనిమిదిమంది పడవవాళ్ళనూ తన తరువాత ఛాన్సలర్ అయిన ఆడ్లీకి అప్పగించారు. ఇంటి విదూషకుణ్ణి లండన్ మేయరుకు ఇచ్చారు. చలికాలం రాత్రి కట్టెలకు డబ్బులేక ఎండు ఆకులు తెచ్చి మంటవేసి, ఆ వెచ్చదనంలో అందరూ కాసేపు కూర్చుని పడుకోవడానికి వెళ్ళేవారు. బిషప్పులు కలిసి వేల పౌండ్ల సొమ్ము పోగుచేసి కానుకగా తెస్తే పుచ్చుకోలేదు.

చివరి ఏళ్ళలో పనుల నుంచి విడివడి పరలోక చింతనతో గడపాలన్న చిరకాల కోరిక తీరిందని ఆయన సమాధి పలకకోసం రాసుకున్నారు. ఎవరినీ విమర్శించలేదు, రాజు వ్యవహారం గురించి బయట నోరెత్తలేదు. ఆయన కోరుకున్నది అంతే.

ఒక్క ప్రమాణం

కాని ఆయన మౌనమే దేశమంతా వినిపించసాగింది. 1533 జూన్‌లో ఆన్ బొలీన్ పట్టాభిషేకానికి బట్టలు కొనుక్కొమ్మని కొందరు బిషప్పులు ఇరవై పౌండ్లు పంపారు. డబ్బు పుచ్చుకుని, పట్టాభిషేకానికి మాత్రం వెళ్ళలేదు. 1534లో పార్లమెంటు వారసత్వ చట్టం చేసింది. దేశంలో అందరూ దానిమీద ప్రమాణం చేయాలి. ఏప్రిల్ 13న లాంబెత్ రాజభవనానికి మోర్‌ను పిలిపించారు. రాజు వారసులుగా ఎవరిని పార్లమెంటు నిర్ణయించినా తనకు అభ్యంతరం లేదన్నారు. ఆ ప్రమాణపు మాటల్లో పోపు అధికారాన్ని నిరాకరించడం ఇమిడి ఉంది, అది మాత్రం తన అంతరాత్మ ఒప్పదన్నారు. ప్రమాణం చేసినవారిని తప్పుపట్టనని కూడా చెప్పారు. నాలుగు రోజుల తరువాత లండన్ టవర్ చెరసాలకు పంపారు.

చెరలో ఆయనకు కలిగిన గొప్ప బాధ ఎలుకలూ తేమా కాదు, ఇంటివారి కన్నీళ్ళు. మార్గరెట్ స్వయంగా, దైవధర్మం అనుమతించిన మేరకు అనే మాట చేర్చుకుని ప్రమాణం చేసింది. తండ్రిని కూడా చేయమని బతిమాలింది. ప్రాణసమానమైన కూతురు, తనంత చదివిన కూతురు వాదిస్తుంటే కాదనవలసి వచ్చింది. ఆయన కోపగించలేదు. తన ఆత్మను మరొకరి వీపున కట్టి పంపలేనని మాత్రం చెప్పారు. ఆలిస్ వచ్చి, ఇంట్లో తోటా పుస్తకాలూ పెట్టుకుని ఈ ఎలుకల మధ్య ఏమిటీ పిచ్చి అని కేకలేసింది. ఈ ఇల్లు మాత్రం స్వర్గానికి మన ఇంటికంటె దూరమా అని ఆయన అడిగారు. ఆమెకు ఆ జవాబు తృప్తినివ్వలేదు. అయినా భర్తకూ ఆయన నౌకరుకూ చెరసాలలో తిండికి వారానికి పదిహేను షిల్లింగులు కట్టడానికి తన బట్టలు అమ్ముకుంది. ఆయన త్యాగం గురించి చెప్పేటప్పుడు ఈ ఇల్లాలి త్యాగం మరువరానిది.

ఆ గదిలోనే మోర్ ‘కష్టకాలంలో ఓదార్పు’ గురించి ఒక సంభాషణ గ్రంథం రాశారు. 1535 మే 4న కిటికీలోంచి చూస్తుండగా, తన యౌవనంలో తెలిసిన కార్తూసియన్ సంఘానికి చెందిన సన్యాసులను అదే నేరం మీద ఉరికి తీసుకువెళ్ళారు. పెళ్ళికి వెళ్ళే వరుల్లా ఎంత ఉల్లాసంగా వెళుతున్నారో చూడమని మోర్ పక్కనున్న మార్గరెట్‌కు చూపించారు. జూన్ 22న మిత్రుడు బిషప్ జాన్ ఫిషర్ తల తీశారు. పుస్తకాలూ కాగితాలూ పట్టుకుపోయాక మోర్ కిటికీ మూసేసుకున్నారు. బొగ్గుముక్కతో ఉత్తరాలు రాశారు.

జూలై 1న వెస్ట్‌మినిస్టర్ హాలులో విచారణ. ఒకప్పుడు తండ్రికి మోకరిల్లిన భవనమే అది. మౌనంగా ఉండడాన్ని నేరంగా చెప్పలేరని ఆయన న్యాయశాస్త్రరీత్యా వాదించారు. అప్పుడు రిచర్డ్ రిచ్ అనే అధికారి, చెరలో తనతో మాట్లాడుతూ మోర్ రాజు అధికారాన్ని కాదన్నాడని సాక్ష్యం చెప్పాడు. అది అబద్ధమని మోర్ కోర్టులోనే అన్నారు. పావుగంటలో జ్యూరీ దోషి అని తేల్చింది. తీర్పు అయ్యాక ఆయన మనసులోని మాట దాచలేదు. చర్చికి అధిపతిని నిర్ణయించే అధికారం ఒక్క దేశపు పార్లమెంటుకు లేదన్నారు. తీర్పు చెప్పిన న్యాయమూర్తులను కూడా ఒకనాడు పరలోకంలో ఆనందంగా కలుసుకోవాలని ఆకాంక్షించారు.

తిరిగి టవర్‌కు తెస్తుంటే మార్గరెట్ జనాన్నీ సైనికులనూ తోసుకుని వెళ్ళి తండ్రిని కౌగిలించుకుంది. జూలై 6న వధ్యస్థలానికి తీసుకువెళ్ళారు. ఊగిసలాడే మెట్లు ఎక్కడానికి కాస్త సాయం పట్టమనీ, దిగేటప్పటి సంగతి తాను చూసుకుంటాననీ పక్క అధికారితో హాస్యమాడారు. తలవరికి బంగారు నాణెం ఇప్పించారు. రాజుకు విధేయుడినే గాని దేవుడికి మొదట విధేయుడిని అనే భావంతో నాలుగు మాటలు చెప్పి తల వంచారు. వయసు యాభై ఏడు.

తరువాత

చెల్సీ ఇల్లు రాజు స్వాధీనమైంది. ఆలిస్‌కు 1537లో రాజే ఏడాదికి ఇరవై పౌండ్ల భత్యం మంజూరు చేశాడు. లండన్ వంతెన మీద ప్రదర్శనకు పెట్టిన తండ్రి తలను మార్గరెట్ సంపాదించి తన దగ్గర దాచుకుంది. ఆమె 1544లో మరణించింది. ఆ తల కాంటర్‌బరీలోని సెయింట్ డన్‌స్టన్ చర్చిలో రోపర్ కుటుంబపు సమాధిలో ఉంది.

కేథలిక్ చర్చి మోర్‌ను 1886లో ధన్యుడిగా, 1935లో పునీతుడిగా ప్రకటించింది. ఆయన పండుగను జాన్ ఫిషర్ పండుగతో కలిపి జూన్ 22న జరుపుతారు. 2000 సంవత్సరంలో పోపు రెండవ జాన్ పాల్ ఆయనను పరిపాలకులకూ రాజకీయవేత్తలకూ పాలక పునీతుడిగా నిర్ణయించారు. రాబర్ట్ బోల్ట్ నాటకం ఆధారంగా 1966లో తీసిన చలనచిత్రం ద్వారా ఆయన కథ ఇతర మతాలవారికి కూడా పరిచయమైంది.

మన సంఘంలో అన్ని మతాలవారూ ఉన్నారు. పోపు అధికారం గురించి మోర్ నమ్మినదాన్ని అందరూ నమ్మనక్కరలేదు. ఆయన కాఠిన్యాన్ని సమర్థించనూ అక్కరలేదు. కాని ఒక విషయం గమనించదగ్గది. ఆ చివరి రోజున నిలబడగలిగిన బలం ఆయనకు అప్పటికప్పుడు వచ్చింది కాదు. నాణాలు తిరిగి ఇచ్చినప్పుడు, పొరుగువారి ధాన్యానికి బాధ్యత వహించినప్పుడు, పనివాడికి మరో చోటు చూపి పంపినప్పుడు, తండ్రి ముందు మోకరిల్లినప్పుడు కొంచెం కొంచెంగా కూడబెట్టుకున్నది. మనం సర్వీసులో ఉండగా నెలనెలా జీతంలోంచి కోసి దాచిన భవిష్యనిధి లాంటిదే అది కూడా. పదవి, పడవ, కట్టెలు, పుస్తకాలు అన్నీ పోయాక ఆయన వాడుకున్నది ఆ నిల్వనే. దానికి చందా కట్టడం విరమణ తరువాత కూడా ఆపనక్కరలేదు.